సూత్రధారుని సత్యము

సత్యము పలుకవలెనని ఇరువది యేండ్లుగా పాఠశాలలో పిల్లలకు చెప్పుచున్నాను. ఎవరితో పలుకవలెను, ఏ వేళ పలుకవలెను, ఏ బుద్ధితో పలుకవలెను అను ప్రశ్నలు పాఠములో లేవు, పిల్లలును అడుగరు. కడచిన యేడు ఆఱవ తరగతి బాలుడొకడు అడిగినది వేఱొక ప్రశ్న. రాత్రి టీవీలో అమెరికా దేశపు కుస్తీలు చూచి వచ్చి, "మాస్టారూ, వాళ్లు నిజంగా కొట్టుకుంటారా, ఉత్తుత్తినే కొట్టుకుంటారా?" అనెను. తరగతి యంతయు నవ్వెను. నేనును నవ్వి, ఆ మాట దాటవేసి, ఆనాటి పద్యమునకు వచ్చితిని. సమాధానము తెలియక దాటవేయలేదు. అది నాకు తొమ్మిదవ యేటనే తెలిసినది. తెలిసిన తీరు మాత్రము ఇంకను మఱపునకు రాలేదు.

ఆ దినములలో మా వీథి పిల్లలందఱి చేతులలోను ఆ మల్లుల బొమ్మలుగల ట్రంప్ కార్డులుండెడివి. ఒక్కొక్క కార్డు మీద ఒక మల్లుని రూపము, వాని యెత్తు, బరువు, ఛాతి కొలత, పోరిన కుస్తీలెన్ని, గెలిచినవెన్ని అను లెక్క అచ్చువేసి యుండును. ఎవని కార్డులో అంకె పెద్దదో వాడు ఎదుటివాని కార్డును గెలుచుకొనును. ఒక వేసవి మధ్యాహ్నము మా పెదనాన్నగారి అరుగు మీద వారి అబ్బాయితో ఆడుచుంటిని. అన్నయ్య నాకన్న మూడేండ్లు పెద్ద. ఆనాడు అదృష్టము నాదయ్యెను. వాని కార్డులన్నియు ఒక్కటొక్కటిగా నా చేతిలోనికి వచ్చినవి. కడపటి కార్డు పోగానే అన్నయ్య లేచి నిలువబడి, "ఒరేయ్, ఇదంతా అబద్ధం రా. ఎవడు గెలవాలో వాళ్లు ముందే మాట్లాడుకుంటారు" అని లోపలికి పోయెను. నేను అరుగు మీదనే కూర్చుండి యేడ్చితిని.

అన్నయ్య చెప్పినది అక్షరాల సత్యము. కాని నాకు సత్యము తెలుపవలెనని చెప్పలేదు. నా చేతిలోని కార్డుల విలువ తీసివేయుటకై చెప్పెను. పెద్దవాడనైన పిమ్మట ఒకసారి యీ సంగతి గుర్తు చేయగా, "అలా అన్నానా?" అని నవ్వి ఊరకుండెను. చెప్పినవాడు మఱచినాడు, విన్నవాడు మఱువలేదు.

చదువరులకిది పిల్లల జగడముగా తోచవచ్చును. నాకును చాల కాలమట్లే తోచినది. తరువాత, అమెరికాలో మల్లప్రదర్శనముల వ్యాపారము చేసిన జాక్ ఫెఫర్ అనువాని చరిత్రము చదివితిని. మా అన్నయ్య అరుగు మీద చేసిన పనినే ఆయన న్యూయార్కు మహానగరమంతటి యెదుట చేసెను. అప్పటినుండి ఒక ప్రశ్న నన్ను వదలక పట్టియున్నది. ద్వేషముచేత పలికిన సత్యమునకు మనము ఋణపడియుందుమా?

ముందుగా ఆ వ్యాపారమెట్టిదో చెప్పవలెను. ప్రమోటరనగా మల్లుడు కాడు. మల్లులను కుదుర్చుకొని, మందిరము అద్దెకు తీసికొని, గోడపత్రికలు వేయించి, టిక్కెట్లమ్మి, లాభనష్టములు భరించువాడు. మల్లునికి బలము కావలెను; ప్రమోటరునకు జనము కావలెను. ఈ రెండును ఎల్లప్పుడు కలిసి నడువవని ఆ వర్తకులు త్వరలోనే కనుగొనిరి. ఏలయన, నిజమైన కుస్తీ చూచువారికి అన్నివేళల ఇంపుగా నుండదు. 1910 సెప్టెంబరులో లండనున మన గామా పహిల్వాను పోలెండు దేశపు మల్లుడగు జిబిస్కోను ఆరంభముననే నేలకు దింపెను. దిగినవాడు లేవలేదు, ఓడనూ లేదు. నేలను కఱచుకొని రెండున్నర గంటలకు పైగా అట్లే పడియుండెను. తుదకు గెలుపోటములు తేలలేదనిరి. వారము దినములకు మరల పోరవలెనని నిర్ణయింపగా, ఆ దినమున జిబిస్కో రానే లేదు. 1916 జూలైలో అమెరికాలోని ఓమహా పట్టణమున స్టెచర్, లూయిస్ అను మహామల్లులిద్దఱు ఇంచుమించు ఐదు గంటలు పెనగి, తేలకయే విడిపోయిరి. డబ్బిచ్చి వచ్చినవాడు ఐదు గంటలు రెండు వీపులను చూచుచు కూర్చుండవలెను!

ఫలితము ముందే నిర్ణయించుకొను కుస్తీలు అంతకు పూర్వమును లేకపోలేదు. 1920 దాటిన పిమ్మట అవియే వ్యాపారమునకు పునాది యయ్యెను. పట్టులకు వేగము వచ్చెను. ఒకనిని దుష్టునిగను ఒకనిని శిష్టునిగను తీర్చిరి. ఈ నెల ఎవడు గెలిచినచో వచ్చు నెల మందిరము నిండునో లెక్కవేసి, వానినే గెలిపించిరి. ఈ యేర్పాటులోనికి అప్పుడప్పుడు నిజము చొరబడుటయు గలదు. 1925లో వేన్ మన్ అను ఫుట్‌బాలు ఆటగానిని జగజ్జెట్టిగా నిలిపిరి. ఆకారము గలదే గాని వానికి కుస్తీ అంతగా రాదు. ఏప్రిలు నెలలో ఫిలడెల్ఫియా నగరమున వానితో ఓడుటకు ఒప్పుకొని వచ్చిన మల్లుడు మాట తప్పి, నిజముగా పట్టు పట్టి, వానిని చిత్తు చేసెను. ఆ మల్లుడెవడనుకొందురు? లండనులో గామా క్రింద పడియుండిన జిబిస్కోయే. పోటీ వర్తకులు వానిని చాటుగా తమవైపు త్రిప్పుకొనిరి. ఎంత విచిత్రము! ఆ కుస్తీలో నిజము లోపలికి వచ్చుటకు విశ్వాసద్రోహమొక్కటే వాకిలి యయ్యెను.

ఇట్టి లోకములోనికి వచ్చినవాడు జాక్ ఫెఫర్. 1894లో వార్సా నగర ప్రాంతమున, రష్యా చక్రవర్తుల పాలనలోని పోలెండులో పుట్టి, 1921లో ఒక రష్యను సంగీతనాటక బృందముతో అమెరికా చేరెను. మల్లుడు కాడు, దృఢకాయుడును కాడు, చిన్న యాకారము. నాటకశాల తెఱ వెనుక పనులు చూచి వచ్చినవాడగుటచే, కుస్తీని మొదటినుండియు నాటకముగనే చూచెను. న్యూయార్కున జాక్ కర్లీ అను పెద్ద ప్రమోటరునకు చేదోడుగా నుండి, ఐరోపానుండి మల్లులను తెప్పించి, వారికి బిరుదులును కథలును కల్పించెను. జనము బలమును చూచుటకన్న వింతను చూచుటకే యెక్కువగా వచ్చెదరని ఆయన నమ్మకము. గడ్డములు పెంచినవారు, మిక్కిలి లావైనవారు, వికృతరూపులు ఆయనకు ధనమైరి. 1940 ప్రాంతమున మోరిస్ టిలే అను ఫ్రెంచి మల్లుడు, గ్రంథిరోగముచేత ముఖపుటెముకలు పెరిగి భీకరాకారుడైనవాడు, 'ఏంజెల్', అనగా దేవదూత, అను బిరుదముతో మఱొక ప్రమోటరు చేతిలో పేరుపొందగా, ఫెఫర్ వెంటనే తనకును ఒక స్వీడను దేశపు దేవదూతను సంపాదించెను. రోగమునకు టిక్కెట్టు పెట్టుట చూచి నాకు కలిగిన రోత యింతంత కాదు. ఆ ప్రదర్శనములో అబద్ధము లేనిది ఆ రోగమొక్కటే యనియు తోచినది.

1933 చివర న్యూయార్కు మొదలగు నగరముల ప్రమోటర్లు, తమలో తాము పోరాడి నష్టపడుటకన్న కలిసి పంచుకొనుట మేలని సంధి చేసికొనిరి. ఆ సంధిలో ఫెఫరునకు చోటు లేకపోయెను. నిన్నటి వఱకు తన యన్నమున్న వాకిలి నేడు మూసికొనెను. అప్పుడాయన 'డెయిలీ మిర్రర్' పత్రికలో క్రీడావ్యాసములు వ్రాయు డాన్ పార్కరు కడకు పోయి తెఱ తీసెను. ఎవరెవరికి ఎంత వాటాయో, ఏ కుస్తీ ఎట్లు నిర్ణయమయినదో చెప్పెను. 1934 ఆరంభమున పార్కరు ఆ గుట్టంతయు అచ్చువేసెను. జరుగబోవు కుస్తీలలో గెలువబోవువారిని సయితము పత్రికలో ముందే ప్రకటించెను. సాయంకాలము జగజ్జెట్టి జయఘోషము వినుటకు పోవలసినవాడు ప్రొద్దుననే కాఫీ త్రాగుచు ఆ జయమును చదివెను! ఆ తరువాతి యేండ్లలో న్యూయార్కున కుస్తీ క్షీణించెను. ఆ నగరపు ప్రసిద్ధ మందిరమగు మాడిసన్ స్క్వేర్ గార్డెనులో 1938 మొదలు 1949 వఱకు కుస్తీయే లేదు. దీనికంతకును ఫెఫర్ మాటయే కారణమనుట సరికాదు. ఆర్థికమాంద్యము గలదు, జనమునకు విసుగును గలదు. అయినను పునాది కదల్చినవారిలో ఆయన యొకడు.

పుణ్యము చేసిన పిమ్మట ఫెఫర్ ఏమి చేసెను? సన్యసించెనా? లేదు. కొన్నేండ్లకే, తాను బయట పెట్టిన వారిలో కొందఱితో మరల పొత్తు కలిసి, అదే వ్యాపారము అట్లే సాగించెను. 1940 తరువాత బడ్డీ రోజర్స్ అను అందగాడైన మల్లుని ప్రసిద్ధికి తెచ్చెను. వాడు తన్ను విడిచిపోగా ఆ కోపము ఏండ్లతరబడి మానలేదు. వాని పేరును వెక్కిరించుటకై 'బమ్మీ రోజర్స్' అను వేఱొకనిని నిలిపెను. బ్రూనో సమ్మార్టినో అను మహామల్లుడు పేరుపొందగా, ఒక్క యక్షరము మార్చి 'సన్మార్టినో' అను మల్లుని, బోబో బ్రెజిల్‌కు బదులు 'హోబో బ్రెజిల్' అను మల్లుని గోడపత్రికలకెక్కించెను. మన పట్టణములలో ప్రసిద్ధమైన మిఠాయి దుకాణము ప్రక్కనే 'అసలైన పాత దుకాణము' అని కొత్త పలక వెలయుట చూచినవారికి దీని రహస్యము చెప్పనక్కఱలేదు. అబద్ధమును బట్టబయలు చేసినవాడు ఇప్పుడు అబద్ధమునకు నకలు తయారు చేసెను. 1974లో మరణించెను. ఆయన లేఖలు, లెక్కపుస్తకములు, ఛాయాచిత్రములు పెద్ద ప్రోవుగా ఇండియానా రాష్ట్రమందలి నోటర్ డామ్ విశ్వవిద్యాలయ గ్రంథాలయమున నేటికిని భద్రముగా నున్నవి. జీవితమంతయు కల్పనను అమ్మినవాడు కాగితములను పారవేయలేదు. చరిత్రకారులు నేడు ఆ వ్యాపారపు సత్యమును వెదకుటకు ఆయన కాగితములనే యాశ్రయించుచున్నారు.

ఇక విచారమునకు వత్తము. మహాభారతమున కర్ణపర్వమందు శ్రీకృష్ణుడు అర్జునునకు కౌశికుడను తాపసుని కథ చెప్పును. సత్యమే పలికెదనని వ్రతము పట్టినవాడు కౌశికుడు. దొంగలకు వెఱచి అడవిలో దాగిన జనుల జాడను, దొంగలడుగగా, వ్రతభంగమునకు జంకి చెప్పివేసెను. జనులు చచ్చిరి, తాపసుడు నరకమునకు పోయెను. అతని మనస్సున ద్వేషము లేదు, లాభాపేక్ష లేదు. మాట సత్యము, బుద్ధి నిర్మలము, ఫలము ఘోరము. ఫెఫర్ విషయమున అంతయు తలక్రిందు. మాట సత్యము, బుద్ధి మలినము, ఫలము మోసపోవుచున్నవారికి మేలు. కౌశికుని నరకమునకు పంపిన ధర్మశాస్త్రము ఫెఫరును స్వర్గమునకు పంపునా?

జర్మనీ తత్త్వవేత్త కాంటు 1785లో వెలువఱచిన నీతిగ్రంథమున ఒక దుకాణదారుని ప్రస్తావించెను. వాడు తెలియని పిల్లవానికిని తక్కినవారికిని ఒకే ధరకు సరకమ్మును. అది న్యాయముమీది భక్తిచేత కాదు, మంచిపేరున్నచో వ్యాపారము సాగునను లెక్కచేత. అట్టి పని ధర్మమునకు అనుగుణమే గాని, ధర్మబుద్ధిచేత జరిగినది కాదు గనుక దానికి నైతికమైన విలువ లేదని కాంటు తీర్పు. ఈ తీర్పు దుకాణదారునికి సరిపోయినదే. కాని సరకు కొన్న పిల్లవానికి సంబంధించినంతవఱకు? వాని చేతిలో సరియైన తూకము పడినది. తూకము వేసినవాని హృదయమును తూచుట వాని పని కాదు. పుణ్యము లేదన్నంత మాత్రమున ఋణము లేకపోదు. అరుగు మీద నేను పొందిన తూకమును సరియైనదే. ఇంతవఱకు వచ్చి నేను చాల దినములు ఆగిపోతిని. లెక్క సరిపోయినను మనస్సు సమాధానపడలేదు.

మా సంస్కృత గురువులు నాటకము చెప్పునప్పుడు, సూత్రధారుడెందులకు వచ్చునో గమనింపుమనెడివారు. నాంది ముగియగానే వాడు రంగము మీదికి వచ్చి, ఈ కవి వ్రాసిన ఈ నాటకమును మేము ఆడబోవుచున్నామని సభకు విన్నవించును. అటుపిమ్మట దుష్యంతుడు వేటకు వచ్చినను, రాముడు సీతను విడిచినను, సభలోని వాడెవ్వడును మోసపోయినట్లు కాదు. కన్నీరు కార్చును; కాని యిది యాటయని యెఱిగియే కార్చును. ఆ చిన్న విన్నపమే నాటకమును అబద్ధమునుండి వేఱు చేయు గీత. కుస్తీ ప్రమోటరు కూడ సూత్రధారుడే. ఫలితమును నిర్ణయించుట తప్పు కాదు, కాళిదాసును నిర్ణయించెను. ప్రమోటరు తప్పు ఒక్కటే, తెఱ ముందుకు వచ్చి ఆ విన్నపము చేయడు. పైగా ఇది నిజమని ప్రమాణము చేసి టిక్కెట్టమ్మును. ఫ్రెంచి విమర్శకుడు రోలాఁ బార్త్ 1957లో ఈ కుస్తీని గూర్చి వ్రాయుచు, ఇది క్రీడ కాదు, దృశ్యము. ఏర్పాటు జరిగినదా లేదా యను చింత జనమునకు లేదనెను. తెలిసి వచ్చినవాని విషయమున ఆ మాట ఒప్పుకొందును. తెలియక వచ్చిన యొక్కని డబ్బు మాత్రము దొంగసొమ్మే. ఫెఫర్ వంటివాడు, నాటకబృందమునుండి వెడలగొట్టబడి, వీథిలో నిలిచి లోపల జరుగునది ఆటయని కేకలు వేసిన సూత్రధారుడు. కోపముతో నైనను ఆయన చెప్పినది ఎవరికి చెప్పవలసియుండెనో వారికే, అనగా టిక్కెట్టు కొనువానికే చేరినది.

అర్ధశతాబ్దము గడచిన పిమ్మట మఱొక ప్రమోటరు ఇదే సత్యమును పలికెను. విన్స్ మక్మహన్ 1982లో తండ్రివద్దనుండి వ్యాపారమును కొని, టీవీ మూలముగా దేశమంతటను వ్యాపింపజేసెను. ఆ కాలమున రహస్యరక్షణ యెంత కఠినమో రెండు సంగతులు చెప్పిన చాలును. 1984 డిసెంబరున ఒక విలేఖరి, ఇదంతయు బూటకమనుకొనుచున్నానని ఒక మల్లునితో ముఖాముఖి అనగా, ఆ మల్లుడు వాని రెండు చెవులదర కొట్టి నేల గూల్చెను. 1987 మే నెలలో, రంగమున బద్ధవైరులుగా పోరు మల్లులిద్దఱు ఒకే కారులో కలిసి పోవుచుండగా న్యూజెర్సీ పోలీసులు ఆపిరి. కారులో మాదకద్రవ్యములు దొరికినవి. ఇద్దఱును పనినుండి తొలగింపబడిరి. ఆ వ్యాపారమందలి వారిని మాదకద్రవ్యములకన్న ఎక్కువగా కలవరపఱచినది, శత్రువులు స్నేహితులై ఒక బండిలో కనబడుటయట! తరువాత రెండేండ్లకు, 1989లో, అదే న్యూజెర్సీ రాష్ట్రపు శాసనకర్తల యెదుట మక్మహన్ సంస్థ తన ప్రదర్శనము నిజమైన క్రీడ కాదు, వినోదమాత్రమని విన్నవించుకొనెను. క్రీడ కాదని తేలినచో క్రీడాశాఖవారి పెత్తనమును పన్నును తప్పును గదా.

సూత్రధారుడు తుదకు విన్నపము చేసెను. కాని సభకు కాదు, సుంకమువారికి. మల్లులు చెంపదెబ్బలు కొట్టి కాచిన రహస్యమును యజమాని పన్నుకొఱకు విడిచిపెట్టెను. ఫెఫరునకు ద్వేషము, మక్మహనుకు లాభము. వీరిద్దఱిలో ఎవరు మేలని యడిగినచో నేను కొంత సిగ్గుతోనే ఫెఫర్ పేరు చెప్పుదును. ద్వేషము తన్ను తాను నిర్మలమని చెప్పుకొనదు.

అబద్ధమువలన నష్టమేమి, చూచువారు సంతోషింపలేదా యని యడుగువారు గలరు. నేనును కళాశాలలో చదువుకొను దినములలో అట్లే వాదించితిని. 1999 మే 23వ తేదీ రాత్రి కాన్సాస్ సిటీలో జరిగినది చదివినప్పటినుండి అట్లు వాదింపలేదు. ఓవెన్ హార్ట్ అను ముప్పది నాలుగేండ్ల మల్లుడు, ఆనాటి వింతవేషములో, మందిరపు పైకప్పునుండి త్రాటితో రంగము మీదికి దిగవలసియుండెను. కొక్కెము వీడెను. వాడు సుమారు 78 అడుగుల యెత్తునుండి పడి, ఆ రాత్రియే మరణించెను. మందిరమున వేలకొలది జనము. వారెన్నడును అక్కడ నిజము చూడలేదు. ఇది నిజమని యెట్లు నమ్మవలెను? ఆటలో ఇదియొక భాగమనుకొన్నవారుండిరి. టీవీలో వ్యాఖ్యాత, ఇది వినోదములో భాగము కాదని యింటింట చూచుచున్నవారికి మరల మరల చెప్పవలసివచ్చెను. పడుట కన్నుల యెదుటనున్నను, పడెనని ప్రమాణము చేయవలసిన దుర్గతి! మందిరములోని వారికి ఆ మరణవార్త ఆ రాత్రి చెప్పనే లేదు. దేహమును తీసికొనిపోయిన పిమ్మట, అదే రంగము మీద తక్కిన కుస్తీలు జరిగినవి. మఱుసటి యేడు సంస్థ ఆ కుటుంబమునకు 1 కోటి 80 లక్షల డాలర్లిచ్చి వ్యాజ్యము ముగించుకొనెను.

కొట్టుటలో నటన గలదు. పడుటలో నటన కొంతయే గలదు. వెన్నెముక యొప్పందము నెఱుగదు. నా చిన్ననాటి కార్డుల మీద గెలిచిన కుస్తీల లెక్క కల్పితము. వానిలోని పెక్కుమంది మల్లులు నడివయస్సు దాటకయే కన్నుమూయుట కల్పితము కాదు. అన్నయ్య ఆనాడు చెప్పిన సత్యములో ఈ సగము లేదు. ఫెఫర్ పత్రికకు చెప్పిన దానిలోను, మక్మహన్ శాసనకర్తలకు చెప్పిన దానిలోను ఇది లేదు. ద్వేషమునకు ఎంత కావలెనో ద్వేషము అంతయే చెప్పును, లాభమును అంతే. విన్నవానికి కావలసినదెంతయో అడిగి చెప్పినవారెవ్వరును లేరు. నా మనస్సు సమాధానపడకపోవుటకు కారణము ఇదియే కావచ్చును.

ఆ బాలుని ప్రశ్నను దాటవేసిన దినమున రాత్రి నాకు సరిగా నిద్ర పట్టలేదు. మఱునాడు పద్యము ముగించి, గంట కొట్టుటకు కొంచెము సమయముండగా, వానిని లేపి నిలువబెట్టి చెప్పితిని. ఎవరు గెలువవలెనో ముందే నిర్ణయించుకొందురని చెప్పితిని. పడుట మాత్రము నిజమైన పడుటయేనని, అందులో చచ్చినవారును గలరని చెప్పితిని. మేడ మెట్లమీద ఆ పట్టులు పట్టవద్దంటిని. వాని ముఖము చిన్నబోవునని కనిపెట్టి చూచుచుంటిని. వాడు చేతులు కట్టుకొని అంతయు విని, "నాకు తెలుసు మాస్టారూ. మీరు చెప్తారో లేదోనని అడిగాను" అని కూర్చుండెను.